తెర వెనుక నిమ్మలకుంట

ఆదివారం

తోలుబొమ్మలాట గురించి నేను చూసిన డాక్యుమెంటరీలు దాదాపు అన్నింటిలోనూ కెమెరా తెరకు ముందువైపు, ప్రేక్షకులు కూర్చునే చోటే ఉంటుంది. రంగురంగుల హనుమంతుడు లంకను కాలుస్తాడు, ఆ తర్వాత ఒక వృద్ధ కళాకారుడు కుర్చీలో కూర్చుని పాత రోజులను తలచుకుంటాడు, నేపథ్యంలో వేణువు వినిపిస్తుంది, చిత్రం అంతటితో పూర్తవుతుంది. తెర వెనుక ఎవరెవరు ఉంటారు, వాళ్లలో ఎవరి పని ఏమిటి, వాళ్లు తమలో తాము ఏ భాష మాట్లాడుకుంటారు, ఊరివాళ్లు తమను ఏమనుకోవాలని కోరుకుంటారు అన్న ప్రశ్నలను ఆ చిత్రాలు అడగవు. వాటిని అడిగే చిత్రం ఒకటి తీయాలన్న ఆలోచనతో, ఛాయాగ్రాహకుణ్ణి, శబ్దగ్రాహకురాలిని వెంటబెట్టుకుని ఈ మధ్యాహ్నం ధర్మవరం జంక్షన్‌లో రైలు దిగాను.

ధర్మవరం అంటే అందరికీ పట్టుచీరలు గుర్తొస్తాయి. వీధుల్లో మగ్గాల చప్పుడు వినబడుతూనే ఉంది గానీ మేం ఆగలేదు. మేం వెళ్లవలసిన నిమ్మలకుంట అదే మండలంలోని గ్రామం. 2022 ఏప్రిల్‌లో జిల్లాలను విడదీసినప్పుడు అది పుట్టపర్తి కేంద్రంగా ఏర్పడిన శ్రీ సత్యసాయి జిల్లాలోకి వచ్చింది. అయినా మా ఆటో డ్రైవరు మాత్రం దారి పొడవునా అనంతపురం జిల్లా అనే మాట్లాడాడు.

ఊళ్లో బొమ్మలాట కుటుంబాలు ఉండే వీధిని ఎవరూ చూపించనక్కర్లేదు. గుమ్మాల పక్కన గోడకు ఆనించిన చట్రాల మీద తోళ్లు ఆరుతుంటాయి, వరండాల్లో నెమళ్లు, ఏనుగులు చిత్రించిన తోలు దీపపు గొడుగులు (ల్యాంప్‌షేడ్లు) వేలాడుతుంటాయి. ఈ ఊరికి చెందిన తోలుబొమ్మల కళాకారుడు దళవాయి చలపతిరావుకు 2020లో పద్మశ్రీ ప్రకటించాక పత్రికలవాళ్లు, విద్యార్థులు, విదేశీ పర్యాటకులు ఇక్కడికి రావడం పెరిగింది. మేం బస చేసిన కుటుంబం వేరే. ఒక పెద్దాయన, ఆయన భార్య, వారి కొడుకు, కోడలు, బడికి వెళ్లే మనవడు ఆ ఇంట్లో ఉంటారు. పెద్దాయన మా ట్రైపాడ్‌ను ఎగాదిగా చూసి, "ఎన్ని దినాలుంటారమ్మా? ఒక పూట ఉండి పోయేవాళ్లయితే ఇప్పుడే కూకుంటా, అడిగేసి పోండి" అన్నారు. వారమంతా ఉంటామని చెప్పాక నవ్వి లోపలికి పిలిచారు.

సోమవారం

ఇవాళ పొద్దుటి నుంచి చీకటి పడేదాకా తోలు దగ్గరే గడిపాం.

మాంసం దుకాణాల నుంచి తెచ్చిన మేకతోళ్లను నీళ్లలో నానబెట్టి, వెంట్రుకలను, లోపలి కొవ్వును గీకి తీసేసి, నాలుగు వైపులా లాగి మేకులు కొట్టి ఎండబెడతారు. చెప్పుల తోలులాగా దీన్ని ఊనరు, అంటే చర్మశుద్ధి చేయరు. అందువల్లే ఆరిన తర్వాత తోలు గట్టిపడి, వెలుతురును తనగుండా పోనిచ్చే పలచని పొరగా మారుతుంది. పెద్దాయన ఒక తోలును ఎండకు అడ్డంగా పట్టి చూపించినప్పుడు మేక వెన్ను ఉన్న చోట ముదురు చార ఒకటి కనబడింది. ఆ చారను బొమ్మలో ఎక్కడికి తీసుకురావాలో గీత గీయకముందే నిర్ణయించుకోవాలట: రాక్షసుడి ఒంటికైతే పనికొస్తుంది, సీత ముఖానికి పనికిరాదు. ఒకప్పుడు దేవతల బొమ్మలకు జింక తోలు వాడేవారు, రావణుడు, భీముడు వంటి భారీ బొమ్మలకు దుప్పి తోలు వాడేవారు. 1972లో వన్యప్రాణి సంరక్షణ చట్టం వచ్చాక అందరికీ మేకతోలే దిక్కయింది. "దేవుళ్లూ రాక్షసులూ అందరూ ఇప్పుడు మేకలే" అని ఆయన చమత్కరించారు.

గీతలు గీయడం ఆయన పని. గీసిన బొమ్మ మీద నగలు చెక్కేది మాత్రం కోడలు. ఆమె ఒక మొద్దు మీద తోలు పరిచి, మొన ఒక్కోటి ఒక్కో ఆకారంలో ఉన్న చిన్న ఉలులను చేతికందేలా వరసగా పెట్టుకుని కూర్చుంది. ఒకటి చుక్కను కొడుతుంది, ఒకటి నెలవంకను, మరొకటి గోధుమగింజ ఆకారాన్ని. హారంలోని ఒక్క పువ్వుకు మధ్యలో చుక్క, చుట్టూ నెలవంకలు, వాటి సందుల్లో మళ్లీ సన్నని చుక్కలు పడాలి. సుత్తి దెబ్బ కొంచెం గట్టిగా పడితే రెండు రంధ్రాలు కలిసిపోతాయి, మెత్తగా పడితే తోలు తెగకుండా లోపల చిన్న పొలుసు మిగిలిపోయి, దీపం ముందు పెట్టినప్పుడు అక్కడ నగ మెరవదు. ఆమె ప్రతి కొద్దిసేపటికీ బొమ్మను ఎత్తి కిటికీ వైపు పట్టి, ఒక కన్ను మూసి, మెరవని చోటు వెతుక్కుని మళ్లీ ఉలి పెడుతుంది. మా ఛాయాగ్రాహకుడు దగ్గరి దృశ్యాలు తీసే లెన్స్ పెట్టి ఆమె చేతులనే చాలాసేపు తీశాడు. ఆ దెబ్బల లయను వదలలేక శబ్దగ్రాహకురాలు అన్నానికి కూడా లేవలేదు.

నగల పని అయ్యాక రెండు వైపులా రంగులు వేస్తారు, ఎందుకంటే ఒక వైపే వేస్తే నీడలో రంగు పలచబడిపోతుంది. వెనకటి తరాలు చెట్ల నుంచి, ఆకుల నుంచి తీసిన రంగులు వాడేవి. ఇప్పుడు దుకాణంలో దొరికే సిరాలే వాడుతున్నారు. మొండెం, భుజాలు, మోచేతులు, మోకాళ్లు విడివిడిగా కోసి, కీళ్ల దగ్గర దారంతో ముడి వేస్తారు. ఆ ముడి వదులుగా ఉంటే చెయ్యి వేలాడిపోతుంది, బిగుతుగా ఉంటే కదలదు. నాట్యం చేసే బొమ్మకు కీళ్లు ఎక్కువ. నిలువునా చీల్చిన కర్ర మధ్య బొమ్మను ఇరికించి కడితే అదే దానికి వెన్నెముక అవుతుంది. పూర్తయిన ఆంజనేయుడు నా భుజాల దాకా వచ్చాడు. దేశంలో మరెక్కడా నీడబొమ్మలు ఇంత పెద్దవిగా ఉండవని పెద్దాయన గర్వంగా చెప్పారు, ఆ మాట నిజమే.

నేను వెతుక్కుంటూ వచ్చిన విషయం మాత్రం ఈ పని మధ్యలోనే, ఎవరూ అడగకుండానే వినబడింది. అత్తాకోడళ్లు మాట్లాడుకుంటున్నది తెలుగు కాదు. అది మరాఠీ, అయితే పుణేలో వినబడేది కాదు. తెలుగు, కన్నడ మాటలు దండిగా కలిసిన ఇంటి మరాఠీ. మనవడు బడి నుంచి వచ్చి తెలుగులో ఏదో అడిగాడు, నానమ్మ మరాఠీలో జవాబు చెప్పింది, ఇద్దరికీ ఆ తేడా తోచినట్టే లేదు.

రాత్రి భోజనాల దగ్గర పెద్దాయనను ఆ విషయం అడిగాను. "ఇంట్లో మా మాట మాది. వీధిలోకొస్తే తెలుగు. ఆపక్క పావగడ దిక్కు పోతే కన్నడం. ఆట మటుకు తెలుగే, మా తాతల కాలం నుంచీ తెలుగే" అన్నారు. ఈ మాటల వెనుక దక్షిణాది చరిత్ర చాలా ఉంది. కర్ణాటకలో తోలుబొమ్మలాటను తొగలు గొంబెయాట పేరుతో ఆడే కిళ్ళేక్యాతల ఇంటి భాష మరాఠీ కలిసినదే. తమిళనాడులో అదే ఆటను తోల్‌పావైక్కూత్తు పేరుతో ఆడే మండిగర్ల ఇంటి భాష కూడా అదే. 1670లలో తంజావూరు మరాఠా పాలకులైన భోసలేల చేతికి వచ్చాక మరాఠా దేశం నుంచి సైనికులు, వారి వెంట రకరకాల వృత్తులవారు దక్షిణానికి వచ్చి స్థిరపడ్డారు. మరోవైపు, తెలుగునేల మీద బొమ్మలను ఆడించేవారి ప్రస్తావన 13వ శతాబ్దపు పాల్కురికి సోమనాథుని పండితారాధ్య చరిత్రలోనే ఉంది. అంటే తెలుగువాళ్లు తమ ప్రాచీన కళ అని చెప్పుకునే ఈ ఆటను ఇవాళ కాపాడుతున్నవాళ్లు ఇంట్లో మరో భాష మాట్లాడుకునే ప్రజలు. దీన్ని ఒక వింతగా చూపించే చిత్రం తీయాలని నాకు లేదు. వాళ్లకది వింత కానప్పుడు మన కళ్లతో దాన్ని వింత చేయడం అన్యాయం.

మంగళవారం

కరెంటు కోత వల్ల బ్యాటరీలు నిండలేదు, చిత్రీకరణ సాగింది కొద్దిగానే. వీధిలో మగవాళ్లు చాలామంది లేరు, నగరాల్లోని హస్తకళల ప్రదర్శనలకు వెళ్లారు. దీపపు గొడుగులు, గోడకు తగిలించే బొమ్మలు, ద్వారతోరణాలు అక్కడే అమ్ముడుపోతాయి, ఏడాదిలో ఎక్కువ రోజులు ఇంటిని నడిపేది ఆ డబ్బే.

ఇంట్లో ఉన్న కొడుకు తన చేతివృత్తిదారు గుర్తింపు కార్డును తెచ్చి చూపించాడు. కేంద్ర జౌళి మంత్రిత్వ శాఖ కింద ఉన్న హస్తకళల విభాగం జారీ చేసే పెహచాన్ కార్డు అది. ప్రదర్శనల్లో దుకాణం కేటాయించాలంటే ఆ కార్డు ఉండాలి. అదే మనిషి రాత్రి తెర వెనుక నిలబడి హనుమంతుణ్ణి ఆడించడానికి ప్రోత్సాహం కావాలంటే సంస్కృతి మంత్రిత్వ శాఖ వైపు, సంగీత నాటక అకాడమీ వైపు చూడాలి. తోలు మీద ఉలి పెట్టినంతసేపూ అతను ఒక శాఖ మనిషి, ఆ తోలును ఆడించగానే మరో శాఖ మనిషి. గుర్తింపు అనే మాట మీద మేధావులు చర్చలు ఎన్నయినా చేయవచ్చు గానీ, ఒక సమాజం తన గురించి తాను ఏం చెప్పుకోవడం నేర్చుకుంటుందన్నది చాలావరకు ఇలాంటి దరఖాస్తు ఫారాల మీదే ఆధారపడి ఉంటుందని నాకు అనిపిస్తుంది. ఇతను తనను తాను పరిచయం చేసుకునేటప్పుడు "లెదర్ పప్పెట్రీ ఆర్టిజన్" అని గడగడా చెప్పేశాడు. వాళ్ల నాన్న మాత్రం "ఆటగాళ్లం" అంటారు.

కొడుక్కి ఆట రాదని కాదు. పద్యాలు సగమే వచ్చు, ఆ సంగతి అతనే చెప్పాడు.

బుధవారం

పెద్దాయనను లేపాక్షికి తీసుకువెళ్లాం. పెనుకొండ, హిందూపురం మీదుగా కారులో వెళ్లేటప్పుడు ఆయన దారి పొడవునా ఒక్కో ఊరు చూపించి, అక్కడ ఏ కథ ఆడారో, ఎవరు పిలిపించారో చెబుతూ వచ్చారు. వానలు పడని ఏడు విరాటపర్వం ఆడించుకునేవాళ్లు. ఒక ఊరి పేరు చెప్పి, ఆట పూర్తయ్యేలోపే వాన దిగిందనీ, తెర తడిసిపోయినా జనం లేవనివ్వలేదనీ అన్నారు. భూగోళ పటంలో కనబడని ఒక పటం ఆయన దగ్గర ఉంది; దాన్ని చిత్రంలోకి ఎలా తేవాలన్నది ఇంకా తేలలేదు. కారులో తీసిన దృశ్యాలు ఊగిసలాడుతున్నా ఆ మాటల కోసం ఉంచేస్తాను.

వీరభద్రస్వామి ఆలయం 16వ శతాబ్దిది. విజయనగరాన్ని అచ్యుతదేవరాయలు ఏలుతున్న కాలంలో విరూపణ్ణ, వీరణ్ణ అనే అన్నదమ్ములు కట్టించినదిగా ప్రసిద్ధి. పర్యాటకులందరూ నేలకు ఆననట్టు కనిపించే స్తంభం కింద గుడ్డ లాగడంలో మునిగిపోయి ఉండగా పెద్దాయన దాని వైపు చూడకుండా నేరుగా మండపంలోకి నడిచి, తల వెనక్కి వంచి పైకప్పు మీది చిత్రాలను చూస్తూ నిలబడిపోయారు. అక్కడ అర్జునుడి తపస్సు, కిరాతవేషంలో శివుడు, పార్వతీ కళ్యాణం, వరసగా నిలబడ్డ స్త్రీల చీరల అంచులు ఉన్నాయి. ముఖాలన్నీ పక్కకు తిరిగి ఉంటాయి. ముక్కు కొనదేరి ఉంటుంది, కన్ను పెద్దది, పాదాలు రెండూ ఒకే వైపు చూస్తుంటాయి. రంగుల చుట్టూ నల్లని గీత తెగకుండా సాగుతుంది. నిమ్మలకుంటలో సోమవారం నేను చూసిన సీత ముఖం కూడా ఇదే పద్ధతిలో గీసినది. తోలుబొమ్మలకూ ఈ చిత్రాలకూ ఉన్న పోలికను కళాచరిత్రకారులు చాలాకాలంగా చెబుతూనే ఉన్నారు.

నేను ఆశించినది, ఆయన ఆ పోలికను తన నోట చెబుతారని. ఆయన మాట్లాడింది చీరల గురించి. ఒక స్త్రీ కొంగు మీది హంసల వరసను వేలితో గాల్లో గీసుకుంటూ, "ఈ అంచు మా నాయన మండోదరికి వేసేవాడు. పోయిందనుకున్యా. ఈడుంది" అన్నారు. ఆ తర్వాత నా నోటుబుక్కులోంచి ఒక కాగితం అడిగి తీసుకుని, స్తంభానికి ఆనుకుని కూర్చుని ఆ అంచును దించుకున్నారు. పూర్వీకుల గురించి నేను తయారు చేసుకున్న ప్రశ్నలు అడగకుండానే కెమెరాను ఆ కాగితం మీదికి తిప్పించాను. వారసత్వం గురించి ఎవరినైనా కూర్చోబెట్టి అడిగితే వచ్చే జవాబులు ఉపన్యాసాల్లా ఉంటాయి. ఒక పనిముట్టో, ఒక గీతో మధ్యలో ఉంటే తప్ప మనుషులు దాని గురించి తమ మాటల్లో మాట్లాడరు.

గురువారం

రాత్రి ఆట. ఊళ్లోని గుడి ముందు ఖాళీ స్థలంలో గుంజలు పాతి, రెండు తెల్లని పంచెలను కలిపి కుట్టిన తెరను కట్టారు. తెర పైభాగం ప్రేక్షకుల వైపు కొంచెం ఒంగి ఉండేలా కడతారు. అప్పుడే బొమ్మ తన బరువుకు తాను తెరకు అంటుకుంటుంది, నీడ అంచులు చెదరవు. పూర్వం ఆముదపు దీపాలు ఉండేవి, ఇప్పుడు వెనుక బల్బులు వేలాడదీస్తారు. మన కరెంటు 50 హెర్ట్జ్‌ది కాబట్టి బల్బు వెలుగు సెకనుకు 100 సార్లు హెచ్చుతగ్గులవుతుంది, కంటికి తెలియని ఆ మినుకు కెమెరాలో అడ్డచారలుగా పడుతుంది. సెకనుకు 25 ఫ్రేములు, షట్టర్ 1/50 పెట్టుకున్నాక చారలు పోయాయి. ఆముదం దీపాల కాలంలో వెలుగు ఊగుతుంటే బొమ్మ ఊపిరి పీలుస్తున్నట్టు ఉండేదని పెద్దాయన చెప్పినప్పుడు, పోయిన ఆ ఊపిరిని ఏ షట్టర్‌తోనూ తేలేం గదా అనుకున్నాను.

ఒక కెమెరాను తెరకు ముందు పెట్టి వదిలేశాం. రెండోది, ముఖ్యమైనది, వెనుక మూలలో నా దగ్గర ఉంది. మొదట వినాయకుణ్ణి, సరస్వతిని ముళ్లతో తెరకు గుచ్చి ప్రార్థన పాడారు. వెంటనే హాస్యపాత్రలైన జుట్టుపోలిగాడు, బంగారక్క దిగారు. పోలిగాడి సెల్‌ఫోన్ రీఛార్జి గురించి, బంగారక్క డ్వాక్రా అప్పు గురించి వాళ్లు ఆడుకున్న మాటలు ఇక్కడ రాయలేనంత మోటుగా ఉన్నాయి. ముందు వరస ముసలమ్మలు పొట్టలు పట్టుకుని నవ్వారు. కేతిగాడు రాగానే పిల్లలు అతని కంటే ముందే అతని మాటలు అనేశారు.

లంకాదహనంతో మొదలైంది అసలు కథ. ఈ కుటుంబాలు పాడేది ద్విపద, అంటే రెండేసి పాదాల పద్యాలు. 13వ శతాబ్దంలో గోన బుద్ధారెడ్డి రాసిన రంగనాథ రామాయణమే తెలుగు బొమ్మలాటలో రామాయణ కథలకు ఆధారం. గురువు నోటి నుంచి శిష్యుడి నోటికి వస్తూ మధ్యలో వచనం, పాటలు, స్థానికమైన తిట్లు చాలా కలిశాయి. పెద్దాయన రావణుణ్ణీ హనుమంతుణ్ణీ ఇద్దరినీ ఆడిస్తూ ఇద్దరి గొంతులూ తానే పలికారు. సీత, మండోదరి గొంతులు ఆయన భార్యవి. ఆమె నేల మీద తాళాలతో కూర్చుని, తన పద్యం వచ్చినప్పుడు బొమ్మ వైపు కాక భర్త మోచేతి వైపు చూస్తుంది, ఎందుకంటే బొమ్మ చెయ్యి ఎప్పుడు లేస్తుందో ఆ మోచేతికి ముందే తెలుస్తుంది. కొడుకు కాలి కింద చెక్కలు తొక్కుతూ యుద్ధపు చప్పుడు చేస్తున్నాడు, కాలికి గజ్జెలు, చేతిలో రాక్షసభటుడు. హార్మోనియం వాయించేది పక్కింటి బంధువు. కోడలు వెనుక తాడు మీద వరసగా వేలాడదీసిన బొమ్మల్లోంచి రాబోయే బొమ్మను తీసి, కీళ్లు చిక్కుపడకుండా సర్ది, అడగకముందే అందిస్తోంది. ఆమె ఆలస్యం చేస్తే ఆట ఆగిపోతుంది, ప్రేక్షకులకు మాత్రం ఆమె అక్కడ ఉన్నదన్న సంగతే తెలియదు.

నా హెడ్‌ఫోన్లలో రెండు భాషలు ఒకేసారి వినబడుతున్నాయి. తెరకు వినిపించేలా గొంతెత్తి పాడేది ద్విపద తెలుగు. దాని అడుగున, తాళానికీ తాళానికీ మధ్య సందులో, చిన్న గొంతుతో మరాఠీ. తోక బొమ్మ ఇవ్వు, ఆ దీపం పక్కకు జరుపు, పద్యం ఒకటి వదిలేశావు, వాడు నిద్రపోతున్నాడు లేపు. రావణుడు పది తలలతో గర్జించి ఊపిరి పీల్చుకునే వ్యవధిలో పెద్దాయన మనవణ్ణి నీళ్లు తెమ్మన్నారు, అదీ మరాఠీలోనే. ఈ చిత్రం ఏమిటో నాకు స్పష్టంగా తెలిసింది అక్కడే. వీళ్లు తెలుగువాళ్లా మరాఠీలా అన్న ప్రశ్న తెర ముందు కూర్చున్నవాళ్లకు పుట్టే ప్రశ్న. తెర వెనుక రెండు భాషలకూ రెండు వేర్వేరు పనులున్నాయి. ఏ ఒక్కటి లేకపోయినా హనుమంతుడు సముద్రం దాటలేడు.

ఒకప్పుడు తెల్లవారేదాకా సాగే ఆట ఇవాళ అర్ధరాత్రికి కొంచెం ముందే ముగిసింది. జనం అడిగింది అంతే.

శుక్రవారం

తీసినదాన్ని తీయించుకున్నవాళ్లకు చూపించి వాళ్లు వద్దన్నదాన్ని తీసేస్తామని మొదటి రోజే మాట ఇచ్చాం. ఇది మా ఔదార్యం కాదు, డాక్యుమెంటరీలో పాతకాలపు పద్ధతే. 1950లలో ఫ్రెంచి దర్శకుడు జాన్ రూష్ నైజర్ నది మీద నీటిగుర్రాల వేట తీసి, ఆ చిత్రాన్ని ఆ ఊరికే తీసుకువెళ్లి వేటగాళ్లకు చూపిస్తే, వేట దృశ్యానికి తాను చేర్చిన సంగీతాన్ని వాళ్లు తప్పుబట్టారు: వేటలో అలికిడి చేస్తే నీటిగుర్రం పారిపోదా అని. మాకూ అలాంటి విమర్శలే కావాలనిపించి, సాయంత్రం ఇంటి గోడకు దుప్పటి కట్టి ప్రొజెక్టర్ పెట్టాం. ఇరుగుపొరుగువాళ్లతో వరండా నిండిపోయింది.

కోడలు తన చేతుల దృశ్యం వచ్చినప్పుడు చాలాసేపు చూసి, "చేతులే తీసినారు, మొగం యాడ?" అని అడిగింది. చేతులను మాత్రమే చూపించి పనిమంతులను పేరూ ముఖమూ లేనివాళ్లను చేయడం మా వృత్తిలో అందమైన అలవాటుగా చలామణి అవుతోంది. ఆమెను అప్పటికప్పుడు కూర్చోబెట్టి మాట్లాడించాం; ఉలుల గురించి, మెట్టినింటికి వచ్చాక అత్త దగ్గర పని నేర్చుకోవడం గురించి, ఆర్డరు ఎక్కువగా ఉన్నప్పుడు మణికట్టు వాచిపోవడం గురించి చెప్పింది. ఈ పాటికి మేం సేకరించిన మాటలన్నింటిలోకీ అవే పనికివచ్చేవి.

అసలు గొడవ గురువారం రాత్రి దృశ్యం దగ్గర వచ్చింది. తెర వెనుక మరాఠీ గుసగుసలు వినబడగానే పిల్లలు నవ్వారు, పెద్దాయన మాత్రం నొసలు చిట్లించి, ఆ మాటలు తీసేయమన్నారు. ఆయన కారణం ఆయనకుంది. ఏదైనా ఆఫీసుకు పోతే మీరు ఈ ఊరోళ్లేనా అని అడిగినవాళ్లు ఉన్నారట. తెలుగు ఆట ఆడేవాళ్లు తెలుగోళ్లు కారని సినిమాలో చూపిస్తే రేపు ఇంకెవరైనా అదే మాట పట్టుకుంటారని భయం. "మేం పుట్టిందీడ, పాడేదీడ. ఇంట్లో మాట ఊరికెందుకమ్మా?" అన్నారు. కొడుకు ఒప్పుకోలేదు. "ఉండనీ నాయనా. మన మాటలో చెప్పుకోకుంటే ఆట నడుస్తాదా? అది దాచిపెడితే నా కొడుక్కి అదీ పోతాది" అన్నాడు. కాసేపటికి ఇద్దరూ మరాఠీలోకి మారి వాదించుకున్నారు, మా మైకులు ఆపేశాం.

నాకు ఆ శబ్దం కావాలి, అది లేకపోతే చిత్రానికి వెన్నెముకే ఉండదు. అయినా నోరు విప్పలేదు, తీసేసే హక్కు వాళ్లదని చెప్పాక వాదించడం ఆ హక్కును వెనక్కి లాక్కోవడమే అవుతుంది. చివరికి తెగ్గొట్టింది పెద్దాయన భార్య. ఆటకు సంబంధించిన మాటలు, బొమ్మ ఇవ్వు, దీపం జరుపు లాంటివి ఉండవచ్చు, వాటికి కింద తెలుగులో అర్థం వేయండి. మధ్యలో తాను కొడుకును తిట్టినది, బంధువుల గురించి అనుకున్నది వినబడినా సరే గానీ వాటికి అర్థం మాత్రం వేయవద్దు అన్నది. అర్థమైనవాళ్లు మనవాళ్లే గదా, వాళ్లు వింటే ఏం పోయె అని ఆమె లెక్క. పెద్దాయన ఒక షరతు పెట్టారు: చిత్రం మొదట్లో ఈ ఊరి పేరు, ఎన్ని తరాలుగా ఇక్కడ ఉన్నారో ఆ మాట తన గొంతుతోనే రావాలి. ఆ మాటను రాత్రే రికార్డు చేశాం.

ఇంకొక దృశ్యాన్ని అభ్యంతరం లేకుండా అందరూ కలిసి తీయించేశారు. బొమ్మల పెట్టె సర్దేటప్పుడు రాముణ్ణీ రావణుణ్ణీ ఒకదాని మీద ఒకటి పెట్టిన క్షణం అందులో పడింది. ఈ ఇంట్లో వాళ్లిద్దరి మధ్య ఎప్పుడూ మరో బొమ్మ ఉండాలి.

శనివారం

బయలుదేరే ముందు కెమెరాలు సర్దేసి శబ్దం మాత్రమే పట్టాం, అది పెద్దాయన కోరిక. లంకాదహనం పద్యాలు మొత్తం, బొమ్మలు లేకుండా, వరసగా పాడతానన్నారు. సగం పద్యాలే వచ్చిన కొడుకు ప్రదర్శనలకు వెళ్లే రైళ్లలో ఫోన్‌లో విని నేర్చుకోవాలట. గదిలో ఫ్యాన్ ఆపించి, కిటికీలకు దుప్పట్లు కట్టి కూర్చున్నాం. ఆయన ఎక్కడ ఆగినా భార్య అందుకునేది. రెండు చోట్ల ఆమె చెప్పిన పాఠమే సరైనదని ఒప్పుకుని మళ్లీ మొదటి నుంచి పాడారు. ఒక చోట మాత్రం ఇద్దరూ రాజీపడలేదు, రెండు పాఠాలనూ రికార్డు చేశాం.

అనుమతి పత్రం మీద సంతకాలకు బదులు అందరి చేత మాటల్లోనే చెప్పించి రికార్డు చేసుకున్నాం. చిత్రం ఎక్కడ చూపిస్తాం, డబ్బు వస్తే ఎలా పంచుతాం, తీసిన మొత్తం ఫుటేజ్ నకలు ఎవరి దగ్గర ఉంటుంది అన్న మూడు విషయాలను తెలుగులో చెప్పాను, కొడుకు వాటిని అత్తాకోడళ్లకు ఇంటి మాటలో మళ్లీ చెప్పాడు. కోడలు పారితోషికం గురించి అడిగిన ప్రశ్న సూటిగా ఉంది, జవాబు కూడా రికార్డులో ఉంది.

శబ్దగ్రాహకురాలు మధ్యాహ్నమంతా పద్యాలను ముక్కలుగా కోసి, ఫోన్‌లో ఆడేలా మార్చి, ఒక్కోదానికి తెలుగులో పేరూ సంఖ్యా పెట్టింది. పెన్‌డ్రైవ్ ఇవ్వబోతుండగా పెద్దాయన జాబితా చదివించుకుని, వినాయక ప్రార్థన చిట్టచివర ఉండటం చూసి ఒప్పుకోలేదు. చివర పాడారు కాబట్టి చివర వచ్చిందని ఆమె చెప్పినా వినలేదు. ఆమె మళ్లీ కూర్చుని సంఖ్యలన్నీ మార్చేసరికి రైలు వేళ దగ్గరపడింది, కొడుకు బండి మీద ట్రైపాడ్‌ను, నన్ను ధర్మవరం స్టేషన్‌లో దింపి, మిగతా ఇద్దరి కోసం మళ్లీ వెనక్కి వెళ్లాడు.